మీట నొక్కేదీ ఆమే

నేను ఒక స్టాప్‌వాచ్‌ని. జపాన్‌లో, కొండల నడుమ ఒక చిన్న కార్ఖానాలో పుట్టాను. కీ ఇస్తే నడుస్తాను, మీట నొక్కితే ఆగుతాను. మొదట ఒక బడిలో పరుగుపందేలు కొలిచాను. పిల్లలు అంత ఆయాసపడి చివరికి బయలుదేరిన గీత దగ్గరికే ఎందుకు వచ్చేవారో నాకు అర్థమయ్యేది కాదు. తర్వాత టోక్యోలో పాత సామాన్ల కొట్టుకి చేరాను. అక్కడ నన్ను కొన్నది ఫుమీ.

ఆమె భర్త హతనాక టీవీ యానిమేషన్ కథలకు స్క్రిప్టు రాసేవాడు. కథ ఎంత గొప్పదైనా టీవీ వాళ్లిచ్చిన నిడివిలో ఇమడాలి. బొమ్మలు గీశాక కోస్తే గీసినవాళ్ల కష్టమంతా చెత్తబుట్టకే. అందుకని ప్రతి మాటా ముందే ఇంట్లో పైకి చదివి చూసుకునేవారు. మగ పాత్రలు అతనివి. ఆడవాళ్లు, పిల్లలు, దయ్యాలు, మాట్లాడే నక్కలు అన్నీ ఫుమీవి. మీట నొక్కేదీ ఆమే.

నిడివి మించితే అతను ఎర్ర పెన్సిల్ తీసేవాడు.

"మళ్లీ నా మాటలకేనా కోత?" అనేది ఫుమీ.

"కథకి అడ్డొస్తున్నాయి."

"నక్క కూడానా? నిన్ననే కదండీ దాన్ని మెచ్చుకున్నారు!"

"మెచ్చుకున్నాను. పొడుగైంది."

ఆమె నవ్వేది. అతను కోసేవాడు.

ఫుమీ జబ్బుచేసి పోయింది. అప్పటినుంచి హతనాక తన పాత్రలను పైకి చదివి, ఆమె పాత్రలను మనసులో చదువుకునేవాడు. మనసులో మాటలు పరుగెత్తుతాయి. ఇంట్లో సరిపోయిన స్క్రిప్టు స్టూడియోకి వెళ్లేసరికి మించిపోయేది. తప్పు నాదైనట్టు నన్ను చెవి దగ్గర పెట్టుకుని ఊపి చూసేవాడు. మనుషులు ముందు యంత్రాన్ని అనుమానిస్తారు.

డైరెక్టర్ ఒనొదెరా మొహమాటం లేని మనిషి. "హతనాక గారూ, ఈసారీ మించిందంటే ఈ కథ ఇంకొకరికి ఇచ్చేస్తాను. ఆ వాచీని మార్చుకుంటారో, మీరే మారతారో నాకు తెలీదు" అంది. అప్పటికే అతన్ని వేరే స్టూడియోలేవీ పిలవడం లేదు. ఇది పోతే అతని రాత అక్కడితో ఆఖరు.

ఆ కథలో పడవ రేవు దగ్గర ముసలి భార్యాభర్తలు వీడ్కోలు చెప్పుకోవాలి. ఆ మధ్యాహ్నం అతను మొదటిసారి ముసలమ్మ మాటలు పైకి చదవబోయాడు. మొదటి మాట దగ్గరే ఆగాడు. నన్ను ఆపి, మళ్లీ మొదలుపెట్టి, చివరిదాకా చదివాడు. మించింది.

ఎర్ర పెన్సిల్ అలవాటుగా ముసలమ్మ మాటల మీదికే వెళ్లింది. అక్కడే ఆగిపోయింది. ఎందుకు ఆగిందా అని చూస్తున్నాను. కాసేపటికి పక్కకు జరిగి ముసలాయన మాటలన్నీ కొట్టేసింది. మళ్లీ చదివాడు. సరిపోయింది.

స్టూడియోలో అందరూ కూర్చుని స్క్రిప్టు చదివారు. నేను అతని జేబులో ఉన్నాను.

"ముసలాయన ఒక్క మాటా అనడేంటండీ? మూగవాడా?" అంది ఒనొదెరా.

"వింటున్నాడు."

"ఇన్నేళ్లకా?"

"ఆలస్యమైంది."

ఎవరో నవ్వారు. ఒనొదెరా నవ్వలేదు. కాగితం మీద 'ఖాయం' అని రాసింది.

అతని పని నిలబడింది. మెచ్చుకున్నారు కూడా. కోతపడ్డ నక్క మాటలు మాత్రం వెనక్కి రాలేదు.

ఇప్పుడు అతనూ లేడు. అతని ఊరి లైబ్రరీలో అద్దాల పెట్టెలో ఉన్నాను. నా మీట ఒక పక్కే ఎందుకు అరిగిందా అని వచ్చినవాళ్లు వంగి చూస్తారు. అది ఫుమీ బొటనవేలు నొక్కీ నొక్కీ పడ్డ అరుగుదల. ముందున్న చీటీ మీద 'రచయిత హతనాక వాడిన గడియారం' అని ఉంది.