ముందు వరస పైన్ చెట్లు

...చెయ్యి తనదే, కాళ్ళు మాత్రం వాళ్ళవి. తను చెక్కను కొట్టింది, వాళ్ళు పరిగెత్తుకొచ్చారు. కొట్టినందుకు తప్పు తనదైతే, పరిగెత్తినందుకు ఎవరిది? ఇషినో ఎన్నిసార్లు వేసుకున్నా ఈ లెక్క తెగలేదు. తోపు మొదట్లో రెండు గుంజల మధ్య వేలాడే మందపాటి చెక్క పక్కన, కొయ్య సుత్తి పట్టుకుని, ఇవాళ కూడా అదే లెక్క వేస్తోంది. సముద్రానికీ పొలాలకీ మధ్య ఇప్పుడు మిగిలింది ఒకే ఒక్క వరస పైన్ చెట్లు. రంపాలు అక్కడికే వెళ్ళాయి. ఆ వరస కూడా పడిపోతే ఇసుక నేరుగా దుంప మడుల మీదకి నడిచి వస్తుంది. చలికాలానికి ఊళ్ళో తినడానికి ఏమీ ఉండదు. ఇది చిన్నపిల్లలకీ తెలుసు. ఒనుకీకి తెలియాల్సిన అవసరం లేదు. పైన్ నూనె కంట్రాక్టరు ఒనుకీది ఈ ఊరు కాదు.

పొద్దున ముసలి ఓతోరా చెప్పులో ఇసుక దులుపుకోవడానికి ఆగింది. అంతే. ఒనుకీ ఆమె బుట్టను తన్ని, అందులోంచి దొర్లిన వేరు ముక్కతోనే ఆమె వీపు మీద కొట్టాడు. అందరూ చూశారు. ఇషినో కూడా చూసింది. చూసి, ఎందుకో తన చేతిలోని సుత్తి వైపు చూసుకుంది.

ఈ చెక్క ఊళ్ళో ఎప్పటినుంచో ఉంది. చలికాలంలో రాలిన పైన్ సూదులే ఇక్కడి పొయ్యిలకు చితుకులు. కానీ చెక్క మోగేదాకా తోపులోకి ఎవరూ అడుగు పెట్టరు, ఉన్నవాడైనా లేనివాడైనా. వడివడిగా మోగితే తెరిచినట్టు. అన్ని ఇళ్ళవాళ్ళూ వెదురు దంతెలతో ఒక్కసారే పరిగెత్తుతారు. వెనకబడితే నామోషీ. విడివిడిగా, మధ్యలో ఊపిరి తీసుకునేంత ఖాళీతో మోగితే మూసినట్టు. అప్పుడు బుట్ట సగమే నిండినా దంతె కింద పడేయాలి. ఆ తర్వాత ఒక్క పిడికెడు తీసినా సరే, ఏడాదిపాటు ఆ ఇంటివాళ్ళతో ఎవరూ మాట్లాడరు. ఊరిపెద్ద సకుమా తల్లి ఒకసారి చేతిసంచీలో నాలుగు సూదులు దాచింది. ఆ ఏడాదంతా ఆవిడ పిల్లితో మాట్లాడుకుంది.

సుత్తి ఇషినో మామగారిది. ఆయన తర్వాత మొగుడిది. అతణ్ణీ అతని పడవనీ నౌకాదళం తీసుకుపోయింది. పడవా రాలేదు, మనిషీ రాలేదు. సుత్తి ఆమెకు మిగిలింది.

తర్వాత ప్రభుత్వం ఊళ్ళోకి వచ్చింది. విమానాలకు నూనె లేదట. పైన్ వేళ్ళు తవ్వి, బట్టీలో కాచి, నూనె తీయాలట. మొదటిరోజు చెక్క మోగగానే ఆడవాళ్ళు ఎలా ఉరుకుతున్నారో చూసి ఒనుకీ పళ్ళు బయటపెట్టి నవ్వాడు.

"ఊరిపెద్దగారూ, వేరేచోట్ల నాకు పోలీసులు కావాల్సి వచ్చింది. ఇక్కడ ఈ చెక్క ఒక్కటి చాలు."

అప్పటినుంచి రోజూ మోగింది. మూసివేత మాత్రం ఎవరూ మోగించలేదు. చీకటి పడితే పని తనంతట తనే ఆగేది. పాత మొద్దులన్నీ త్వరగా ఇచ్చేస్తే మనల్ని వదిలేస్తారని ఊరంతా అనుకుంది. పక్కింటి బుట్ట కంటే ముందు తన బుట్ట నిండాలని ప్రతి ఇల్లూ తవ్వింది. ఎంత త్వరగా నింపితే అంత పెద్ద బుట్ట అడిగాడు ఒనుకీ. మొద్దులు పోయాయి. వెనక వరసలు పోయాయి. నడి వరసలు పోయాయి. తాము పోటీపడింది తమతోనేనని వాళ్ళకు అర్థమయ్యేసరికి తోపులోంచి సముద్రం కనబడుతోంది.

ఒకటి ఇషినో ఎవరికీ చెప్పలేదు. చెక్క కొట్టడం ఆమెకు నచ్చింది. విధవరాలి మాట వినేవాళ్ళు ఊళ్ళో ఎవరున్నారు? చెయ్యి ఎత్తి దించితే మాత్రం ఊరంతా కదులుతుంది. ఆ క్షణంలో ఒంట్లో పాకే వెచ్చదనం తన బలం అనుకుంది. అది ఒనుకీ బలం. ఆ బలం ఆమె చేతిని అద్దెకు తీసుకుంది. ఈ సంగతి ఆమెకు నిన్న గుడిలో జరిగిన సభలో తెలిసింది.

గుడిలో గంట లేదు, కరిగించడానికి తీసుకుపోయారు. గంట ఉండే చోటి కిందే అందరూ కూర్చున్నారు.

"ముందు వరస కూడా కావాలట," అన్నాడు సకుమా, చాపను చూస్తూ. "పైనుంచి వచ్చింది ఆజ్ఞ."

"పైనుంచంటే ఎక్కణ్ణుంచి బాబాయ్? మేఘాల్లోంచా?" అంది కుమే. వలలు అల్లే మనిషి. ఆమె నోటికి చేపల బేరగాళ్ళు కూడా భయపడేవారు.

"ఆ చెట్లు పోతే ఇసుక వచ్చి నా పరుపులో పడుకుంటుంది," అంది ఓతోరా. "మా ముసలాయన పోయాక ఇంకెవర్నీ రానీలేదే నేను!"

నవ్వులు. కుమే నవ్వలేదు.

"బట్టీ వెనక నూనె డ్రమ్ములు తుప్పు పడుతున్నాయి. చూశారా ఎవరన్నా? ఎందుకు పట్టుకెళ్ళట్లేదు?"

"లారీ రావాలి."

"మరి రాదేం?"

సకుమా గొణిగాడు. "లారీకి నూనె లేదంట."

ఈసారి నవ్వు పెద్దగా వచ్చింది. నడిమధ్యలో విరిగిపోయింది. ఎవరో ముక్కు చీదారు.

"పిల్లల్ని పట్టుకుపోయారు, పడవలు పట్టుకుపోయారు, దేవుడి గంట పట్టుకుపోయారు," అంది కుమే. "ఇప్పుడు గాలికి అడ్డం ఉన్నదీ కావాలి. వాళ్ళ యుద్ధానికి మన గిన్నెలో దుంప కూడా కావాలి. రేపు రంపం ఎవరూ ముట్టొద్దు."

"నువ్వు కూర్చో ముందు. నిన్ను చూసి మేం కూర్చుంటాం," అంది వెనకనుంచి ఒకావిడ.

"అందరూ కూర్చుంటే నేనూ కూర్చుంటా," అంది ఆమె పక్కనున్నావిడ.

"నేనొక్కదాన్నే ఆపితే? మిగతావాళ్ళు ఆపకపోతే?"

మాట చాప మీద గుండ్రంగా తిరిగి ఎవరి దగ్గరా ఆగలేదు. ఇక్కడ ఎవరూ ముందు మొదలుపెట్టరు, ఎవరూ ముందు ఆపరు. అలా పెరిగారు. కుమే మెల్లగా ఇషినో వైపు తిరిగింది.

"వదినా, వీళ్ళు నా మాటకి ఆగరు. దేనికి ఆగుతారో నీకు తెలుసు."

ఇషినో చాప అంచు సర్దింది. "నేను... రమ్మనడానికి కొట్టేదాన్ని. అంతేగా."

"రమ్మన్నది ఎవరు?"

సభ అలాగే లేచిపోయింది.

ఇవాళ పొద్దున రంపాలు పంచేటప్పుడు కుమే ఒక్కతే వెళ్ళి మొదటి చెట్టు మొదట్లో కూర్చుంది. ఒనుకీ ఈసారి పోలీసుల్ని పిలిచాడు. ఇద్దరు వచ్చి చేతులు పట్టుకుని ఇసుకలో ఈడ్చుకుపోయారు. మడమలు గీసిన రెండు చారలు తోపు బయటదాకా ఉన్నాయి. చెక్క దగ్గరికి వచ్చినప్పుడు ఆమె తల తిప్పి అరిచింది.

"మూసెయ్యి వదినా!"

ఇషినో మూయలేదు. ఆ చారల మీద ఇసుక అప్పుడే కదలడం మొదలుపెట్టింది.

మొదటి చెట్టు పడింది. పడిన చోట సముద్రం నిలువుగా కనబడింది. ఆ సందులోంచి వచ్చిన గాలి ఇషినో పళ్ళ మధ్య ఇసుక పోసి పోయింది. ఉమ్మింది. పోలేదు.

ఇప్పుడు ఆపితే ఏమవుతుంది? ఆమె మనసు చాలా నెమ్మదిగా, ఇల్లు ఊడ్చుకున్నట్టు, ఒక్కో మూలా వెతికింది. తననూ ఈడ్చుకుపోతారు. రేపు సైనికులతో వస్తారు. చెట్లు ఎలాగూ పడతాయి. కుమే తిరిగి వస్తుందో రాదో. ఆశ ఉందేమోనని ప్రతి మూలా చూసింది. ఎక్కడా లేదు. అది లేదని తేలాక వింతగా చెయ్యి తేలికైంది. ఇక ఎవరికీ అద్దెకు ఇవ్వాల్సింది కాదు ఆ చెయ్యి. ఒక్కరోజు ఆగినా, ఆ ఆగడం వీళ్ళ ఒళ్ళలో ఉండిపోతుంది.

ఒనుకీ అరుచుకుంటూ వచ్చాడు. "ఏయ్ ముసల్దానా! నిద్రపోతున్నారు నీవాళ్ళు. కొట్టు! చేతులు ఆడాలి!"

"కొట్టమంటారా?"

"చెవుడా? కొట్టు!"

"మీరే చెప్పారు మరి," అంది ఇషినో.

సుత్తి ఎత్తింది. ఒక్క దెబ్బ. ఆగింది.

మూసివేత ఎప్పుడూ వినని ఒనుకీ తల ఊపాడు, వెనక్కి తిరిగాడు. దూరంగా ఓతోరా రంపం సగం లాగి, అలాగే నిలిచిపోయింది. ఆమె అవతలి పిడి పట్టుకున్న మనిషి కూడా. ఎవరూ ఎవర్నీ చూడలేదు. అందరూ చెక్క వైపే చూస్తున్నారు.

రెండో దెబ్బకి ముందు ఊపిరి తీసుకునేంత సేపు ఆగాలి. ఇషినో ఊపిరి తీసుకుంది. కొట్టింది.