ఆవిడ నంబరు ఆయన ఫోనుకి వచ్చేది

నేను ఒక సిమ్ కార్డును. ఇప్పుడు చిటికెన వేలి గోరంత ఉన్నాను గానీ పుట్టినప్పుడు ఇంకా పెద్దదాన్నే. ఫోను మారినప్పుడల్లా ఎవరో ఒకరు నన్ను అంచులు కత్తిరించి కొత్త గూట్లో దూర్చారు. పని పెరిగింది, ఒళ్ళు తగ్గింది. మనుషుల దగ్గర ఉద్యోగం చేసేవాళ్ళకి ఇది మామూలేనట.

మలికిపురం బస్టాండు దగ్గర గొడుగు కింద బల్ల వేసుకున్నాయన నన్ను తాతాజీ అనే కుర్రాడికి అమ్మాడు. తాతాజీ కాలిపోయిన మోటార్లకి కొత్త రాగితీగ చుట్టి వైండింగు చేసేవాడు. అప్పుడే కొత్తగా పెళ్ళయింది. భార్య పేరు హేమసుందరి, మోరి అనే ఊళ్ళో జీడిపిక్కలు కొట్టే షెడ్డుకి పనికెళ్ళేది. ఇంట్లో ఏ కాగితం నింపినా ఫోను నంబరు అన్నచోట తాతాజీ నన్నే రాయించేవాడు. గ్యాసుకి నేను, రేషను కార్డుకి నేను, సుందరి బ్యాంకు పుస్తకానికి నేను. ఆఖరికి ఆవిడ ఆధారుకీ నేనే.

"నా నంబరుండగా నీకు వేరే ఎందుకే?" అన్నాడు. ప్రేమగానే అన్నాడు, అబద్ధమాడకూడదు. చిక్కంతా ఆ ప్రేమతోనే వచ్చింది.

సుందరి ఏ పనికెళ్ళినా అక్కణ్ణించి ఎవరి ఫోనైనా అడిగి పుచ్చుకుని చేసి, "ఏవండీ, నంబరొచ్చిందా?" అని అడగాలి. ఓటీపీ అంటారే, ఆ ఆరంకెలూ నేను తెచ్చి ఆయన చేతిలో పెట్టేదాన్ని. ఆయన వెంటనే చెప్పేవాడు కాదు. ఎందుకు, ఎవరికి, ఇప్పుడే కావాలా అని అన్నీ కనుక్కుని, తీరిగ్గా చెప్పేవాడు. తాతాజీ చెడ్డవాడు కాదు. తాగడు, చెయ్యెత్తడు, అడిగింది కాదనడు. కాకపోతే అడగాలి. పదిహేనేళ్ళు అడిగీ అడిగీ సుందరికి విసుగొచ్చింది. పిల్లలు లేరు. ఓ రోజు మోరిలో అక్కగారింటికి వెళ్ళి, ఇంక తిరిగి రాలేదు. రెండేళ్ళు పెద్దమనుషులు అటూ ఇటూ తిరిగారు. తప్పెవరిదంటే ఇద్దరూ ఒకరి మీద ఒకరు చెప్పుకోలేదు. చివరికి విడిపోదామని ఇద్దరూ ఒప్పుకున్నారు.

సుందరి ముందు ఓ ప్లీడరు దగ్గరికి వెళ్ళింది. ఆ సాయంత్రం అక్క ఫోను నుంచి తాతాజీతో మాట్లాడింది. "మీరు కొడతారని రాద్దామన్నారండీ, అలా అయితే తొందరగా తేలుతుందట. కొట్టని మనిషిని కొట్టారని నేనెలా రాయిస్తానండీ? లేచి వచ్చేశాను."  ఆవిడ పెట్టేసేదాకా తాతాజీ ఫోను చెవి దగ్గరే పట్టుకున్నాడు.

మలికిపురంలో నెట్ సెంటరు నడిపే కృపావతి దారి చెప్పింది. లాయరు లేకుండా ఆన్‌లైనులో మీ అర్జీ మీరే వేసుకోవచ్చు, ఇద్దరికీ ఇష్టమే అయితే ఎవరి మీదా ఏ నిందా రాయక్కర్లేదు అంది. అర్జీ తయారైంది. సంతకం బదులు ఎవరి ఆధారుకి వచ్చిన నంబరు వాళ్ళు కొట్టాలి. తాతాజీ ముందురోజే వచ్చి తనది కొట్టించుకుని వెళ్ళాడు. నాకేం లోటు అన్నట్టు మీసం కూడా దువ్వుకున్నాడు. ఇక మిగిలింది సుందరిది. అది కూడా నా దగ్గరికే వస్తుంది.

ఆధారులో నంబరు మార్చుకుందామని ఆవిడ ప్రయత్నించకపోలేదు. వేలిముద్ర పడితేగా? ఏళ్ళ తరబడి జీడిసొన తగిలి ఆవిడ వేళ్ళు గీతల్లేకుండా నున్నబడిపోయాయి. మిషను మీద ఎన్నిసార్లు నొక్కినా మళ్ళీ పెట్టమనేది. కంటిపాప చూసే మిషను అమలాపురంలో ఉంది, దానికి వరసలో పేరు రాయించుకుని వచ్చింది. అంతవరకూ నేనే గతి.

తాతాజీ తనది కొట్టించుకున్న మర్నాడు పొద్దున్న సుందరి నంబరు వచ్చింది. నేను టింగుమన్నాను. తాతాజీ చూశాడు. ఆవిడ నెట్ సెంటరు నుంచి ఫోను చేసింది.

"ఏవండీ, నంబరొచ్చిందా?"

"రాలేదు. ఇక్కడ సిగ్నలు లేదు."

నాకు ఒళ్ళు మండింది. సిగ్నలు లేకపోతే ఆ అబద్ధం మోసుకెళ్ళింది ఎవరు? రెండోసారీ తెచ్చాను, రెండోసారీ అదే మాట. గడువు దాటి ఆ అంకెలు చెల్లకుండా పోతుంటే ఆయన వాటినే చూస్తూ కూర్చున్నాడు. నాకు కోపం తగ్గి జాలేసింది. ఆ నంబరు చెప్పేస్తే ఆవిడ ఇంక అడగడానికి రాదని ఆయనకి తెలుసు.

మూడోసారి సుందరి గొంతు పెంచలేదు. "మీకొచ్చిందని నాకు తెలుసండీ. మీరు చెప్పకపోతే నేను మళ్ళీ ఆ ప్లీడరు దగ్గరికే వెళ్ళాలి. ఆయన రాసినదానికింద సంతకం పెట్టాలి. నాచేత ఆ పని చేయించకండి."

తాతాజీ చేతిలో రాగితీగ చుట్ట కింద పెట్టి, బండి తీశాడు. నెట్ సెంటరులోకి వచ్చి, "మళ్ళీ పంపమ్మా" అన్నాడు కృపావతితో. నేను తెచ్చాను. సుందరి అలవాటు చొప్పున, "చెప్పండి" అంది.

ఆయన చెప్పలేదు. ఫోను తీసి ఆవిడ చేతిలో పెట్టి, "నువ్వే చూసుకో" అన్నాడు.

సుందరి ఒక్కో అంకే కూడబలుక్కుని పైకి చదివింది. ఇన్నేళ్ళూ ఆవిడ పేరున ఎన్ని తెచ్చానో, ఆవిడ తనంతట తను చదవగా వినడం నాకదే మొదలు. నాకు చాలా సంతోషం వేసింది. కృపావతి కొట్టేసి, "వెళ్ళిపోయిందండీ" అంది. తాతాజీ ఫోను తీసుకుని గుమ్మం దగ్గరే ఆగాడు.

"ఇంకో నంబరేదైనా వస్తుందేమో, ఉంటాను."

"రాదండీ. ఎండెక్కకుండా వెళ్ళండి" అంది సుందరి.

తరవాత కోర్టు పిలిచినప్పుడల్లా ఇద్దరూ వెళ్ళి ఒకే మాట చెప్పి వచ్చారు. ఈలోగా అమలాపురం మిషను సుందరి కళ్ళని గుర్తుపట్టింది. ఆవిడ తన పేరున సిమ్ము కొనుక్కుంది. మా జాతిదే, దాన్ని నేను చూడలేదు. మళ్ళీ ఆలోచించుకోమని కోర్టువారిచ్చిన గడువు తీరాక ఓ మధ్యాహ్నం, విడాకులు మంజూరైనట్టు నాకు కబురొచ్చింది. తాతాజీ చదువుకుని సుందరికి ఫోను చేశాడు.

"ఆర్డరొచ్చింది. నీకొచ్చిందా?"

"వచ్చిందండీ. చదువుకున్నాను."

"సరేలే. రాలేదేమో, చెబుదామని."

ఫోను పెట్టేశాక కూడా ఆయన నన్ను జేబులో వేసుకోలేదు. చాలాసేపు అలా చేత్తో పట్టుకునే కూర్చున్నాడు. సుందరికి చెప్పడానికి ఆయన దగ్గర ఇంకేమీ లేదు.