నూట ఎనభై ఏడో పేజీ

సోమవారం సాయంత్రంలోగా పదసూచిక రాకపోతే కంప్యూటర్ తీసిన జాబితానే వేసి పుస్తకాన్ని అచ్చుకు పంపేస్తామని పుస్తకం వేస్తున్న గ్రంథాలయ మిత్రులు ఫోను చేసి చెప్పారు. ఇది మూడో గడువు. మొదటి రెండూ కరుణాకర్ చేతిలోనే దాటిపోయాయి.

అతను ఆళ్లగడ్డ హైస్కూల్లో సోషల్ చెప్తాడు. పుస్తకం అతనిది కాదు, భార్య ఉషశ్రీది. ఊరి శాఖా గ్రంథాలయంలో ఇరవై రెండేళ్లు పనిచేసిన మనిషి ఆమె. అందులో పదకొండేళ్లపాటు ప్రతి ఆదివారం శిల్పుల షెడ్ల వెంట తిరిగి, వాళ్లు చెప్పిన మాటల్ని చెప్పినట్టే రాసుకుంది. ఆ మాటలే పుస్తకం. మొన్న ఏప్రిల్లో ఆమె పోయింది. మిగిలింది పదసూచిక ఒక్కటే. ఏ మనిషి, ఏ పని, ఏ విషయం ఏ పేజీలో ఉందో వెతుక్కోవడానికి పుస్తకం చివర వేసే నాలుగైదు పేజీల పట్టిక అది.

మిగిలిందనడం కూడా పూర్తిగా సరికాదు. ఆమె దానికి కార్డులు రాసిపెట్టింది. గ్రంథాలయానికి కంప్యూటర్ వచ్చిన ఏడాది పాత కేటలాగు కార్డులను మూటలు కట్టి తూకానికి వేస్తుంటే, వెనకవైపు ఖాళీగా ఉంది కదా అని ఒక మూట ఇంటికి తెచ్చుకుంది. ఇప్పుడు ఆ కార్డుకు ఒకవైపు ఎప్పటిదో ఒక పుస్తకం పేరు, నంబరు ఉంటాయి. రెండో వైపు ఆమె అక్షరాల్లో ఒక మాట, దాని కింద పేజీల అంకెలు. మొత్తం ఆరువందల నలభై కార్డులు. రెండు బిస్కెట్ల రేకు డబ్బాల్లో అక్షరక్రమంలో నిలబెట్టింది. ఆఖరి వారం గొంతు సరిగా పెగలని రోజుల్లో ఒక మాట మాత్రం రెండుసార్లు చెప్పింది. కార్డు ఒక్కటి కూడా పారేయొద్దని.

చిక్కు ఎక్కడొచ్చిందంటే, ఆమె అంకెలన్నీ మొదటి ప్రూఫును బట్టి వేసినవి. ఆ తర్వాత పుస్తకం ముందు కరుణాకర్ రాసిన ముందుమాట చేరింది, మధ్యలో ఫొటోలు చేరాయి. పేజీలన్నీ జరిగాయి. ప్రతి కార్డునూ మళ్లీ చూడాల్సి వచ్చింది.

మనుషుల పేర్లు, ఊర్ల పేర్లు ఉన్న కార్డుల పని నంద్యాలలో ఒక మధ్యాహ్నంలో అయిపోయింది. అక్కడి నూనెపల్లెలో డీటీపీ షాపు నడిపే తస్నీమ్ ఒక్కో పేరు కొడితే చాలు, కంప్యూటర్ పేజీలన్నీ వరుసగా చూపించింది. ఉషశ్రీ చూపు జారిన రెండు మూడు చోట్లను కూడా అది పట్టుకుంది. కరుణాకర్ దానికి లోపల నొచ్చుకున్నాడు గానీ వాటిని చేర్చుకున్నాడు. తక్కిన నూటపద్దెనిమిది కార్డులూ విషయాల కార్డులు. 'చెయ్యి అరిగిపోవడం', 'కొడుక్కి పని నేర్పకపోవడం', 'రాయి మోసం చేయడం' లాంటివి. ఈ మాటలు పుస్తకంలో ఎక్కడా ఉండవు. కంప్యూటర్‌ని అడిగితే సున్నా అంటుంది. ఒక శిల్పి ఏదో చెప్తూ ఉంటే, ఇది దీని గురించి అని ఆమె అర్థం చేసుకుని పెట్టిన పేర్లవి. వాటి కోసం పుస్తకమంతా చదవాలి. ఆమె పోయాక ఆ పుస్తకాన్ని తెరవకుండా తప్పించుకుంటున్న మనిషి, దసరా నుంచి దీపావళి దాకా దాన్ని మూడుసార్లు చదివాడు.

నూటపదిహేడు కార్డులు తేలాయి. ఒక్కటి తేలలేదు.

ఆ కార్డుకు వెనకవైపు కోళ్ల పెంపకం మీద ఒక పుస్తకం వివరాలున్నాయి. ముందువైపు 'చెప్పనివి' అని ఉంది. కింద మూడు అంకెలు: 23, 96, 187.

ఇరవై మూడో పేజీలో ఒక శిల్పి వాళ్లన్న గురించి మొదలుపెట్టి, సగంలో ఆపి, మంచినీళ్లడిగి, రాయి రేట్ల గురించి ఎత్తుకుంటాడు. తొంభై ఆరులో ఒకామె, అది వద్దులేమ్మా ఇంకోటి అడుగు, అంటుంది. ఈ రెండింటినీ కరుణాకర్ చూడగానే పోల్చుకున్నాడు, కొత్త పేజీల అంకెలు వేశాడు. నూట ఎనభై ఏడులో మాత్రం ఉలులే ఉన్నాయి. మహానందయ్య అనే పెద్ద శిల్పి తన ఉలుల పేర్లు ఒకదాని తర్వాత ఒకటి చెప్పుకుంటూ పోతాడు. మొన ఉలి, పలక ఉలి, పండ్ల ఉలి, కండ్లకు వాడే సన్న ఉలి, ఇలా ఇరవై ఒకటి. దాచిన మాట కాదు గదా, దాచడానికి ఒక విషయమైనా లేదు.

పిల్లల జవాబు పత్రాలు దిద్దేటప్పుడు చేసినట్టే పంక్తి కింద స్కేలు పెట్టి చదివాడు. అంకెలు తారుమారయ్యాయేమోనని నూట డెబ్బై ఎనిమిది చూశాడు. ముందు పేజీ, వెనక పేజీ చూశాడు. నెలన్నరగా పొద్దున బడి, సాయంత్రం ఆ పేజీ. డబ్బా మూత పెడితే కార్డు కనపడదు గానీ అంకె కనపడుతూనే ఉంటుంది.

శనివారం మధ్యాహ్నం డబ్బా పట్టుకుని నంద్యాల పోయాడు. తస్నీమ్ కుర్చీ చూపించి, కొత్త పేజీని తెర మీద తెరిచింది. పాత నూట ఎనభై ఏడు ఇప్పుడు రెండువందల మూడు.

"ఒక్క నంబరు సార్" అంది ఆమె. "తీసేస్తే ఎవురికీ తెలీదు. ఆ పేజీలో ఉలులు తప్ప మనిషే లేడు."

"నాకు తెలుస్తుంది."

ఒంట్లో బాగలేనప్పుడు రాసింది గదా, ఒక అంకె తప్పు పడి ఉండొచ్చని ఆమె మెల్లగా అంది. ముప్పై ఏళ్లుగా తప్పు కనపడితే చాలు కొట్టేసే చెయ్యి కరుణాకర్‌ది. ఈ ఒక్క అంకె మీదకి అది పోవడం లేదు. కొట్టేస్తే, ఇక ఉషశ్రీని సరిదిద్దడం అదే ఆఖరిసారి అవుతుంది. కొట్టేయకుండా ఇంకా వెతుకుతూ కూర్చుంటే గడువు దాటి ఆరువందల ముప్పైతొమ్మిది కార్డులూ ఈ ఒక్కదాని కోసం మూలనపడతాయి.

తస్నీమ్ తెర మీద పేజీని చూస్తూ, "ఆ చెప్పినాయనని అడిగినారా?" అంది.

అడగలేదు. మహానందయ్య షెడ్డు అతని బడికి అరమైలు దూరం కూడా ఉండదు. ఉషశ్రీ పోయిన పదకొండో రోజున ఆ పెద్దాయన ఇంటికి వచ్చి, గుమ్మం దగ్గరే కాసేపు నిలబడి, ఏమీ మాట్లాడకుండా వెళ్లిపోయాడు. అప్పటినుంచి కరుణాకర్ బడికి ఇంకో వీధిన పోతున్నాడు.

ఆ రాత్రి ఉషశ్రీ నోటుపుస్తకాలు దించి చూశాడు. ప్రతి సంభాషణకూ పైన తేదీ, వారం వేసే అలవాటు ఆమెది. పదకొండేళ్లూ ఆదివారాలే. ఉలుల పేజీకి మాత్రం నిరుడు జూన్ 22, గురువారం అని ఉంది. గురువారం ఆమె డ్యూటీలో ఉండాలి.

ఆదివారం పొద్దున్నే షెడ్డుకు పోయాడు. గ్రైండర్ల మోత మధ్య, తెల్లటి రాతిపొడిలో మహానందయ్య ఒక గణపతి తొండం నున్నగా రుద్దుతున్నాడు. ఎనభై దాటినా చెయ్యి మాత్రం కదులుతూనే ఉంది. తలెత్తి చూశాడు.

"దావ తెలిసిందా సారూ ఇన్నాళ్లకు" అన్నాడు. "మీ ఇస్కూలు గోడ నుంచి కేకేస్తే ఈడికి వినపడతాది. నువ్వు సుట్టూ తిరిగి పోతాంటే నా మనవరాలు సూసి చెప్పింది."

కరుణాకర్ తల వంచుకుని పక్కన రాతి దిమ్మె మీద కూర్చున్నాడు. వచ్చిన పని చెప్పి, పేజీ తీసి చదివాడు. నాలుగో ఉలి దగ్గరే పెద్దాయన చెయ్యి ఆగింది. లోపల పనిచేస్తున్న వాళ్లను గ్రైండర్లు ఆపమని సైగ చేశాడు.

"ఆ పొద్దా" అన్నాడు.

ఆ పొద్దు ఉషశ్రీ నంద్యాల ఆసుపత్రి నుంచి ఇంటికి పోకుండా, బస్సు దిగి నేరుగా షెడ్డుకే వచ్చిందట. చేతిలో స్కానింగ్ కవరు. ఏందమ్మా గురువారం వచ్చినావ్ అని పెద్దాయన అడిగితే, నోటుపుస్తకం తీసి, ఏదన్నా చెప్పండి అనిందట. ఏది చెప్పమంటావంటే, ఏదైనా పర్వాలేదనిందట. ఆమె రాస్తూనే ఉంది, కండ్లు కారుతూనే ఉన్నాయి.

"నేను ఆపితే అమ్మ మాట్లాడాల్సొస్తాది. అందుకే ఆపలేదు. నోటికొచ్చిన ఉలి పేరల్లా చెప్పినా" అన్నాడు మహానందయ్య. "పద్దెనిమిదికి నా ఉలులు అయిపోయినాయి. కడా మూడు నేను పుట్టించినవే సారూ. అట్లాంటి ఉలులు యాడా లేవు. అమ్మకు తెలుసు. మూడోదానికి నవ్వింది గూడా."

జబ్బు సంగతి ఉషశ్రీ కరుణాకర్‌కు చెప్పింది ఆగస్టు చివర. అప్పుడే తెలిసినట్టు చెప్పింది.

"నాకెందుకు చెప్పలేదు?" అన్నాడు.

"నేనూ అడిగినా. బడి తెరిచి పది దినాలే అయింది, హెడ్మాస్టరు లేడు, పనంతా ఆయన నెత్తిన పడింది, కొన్నాళ్లాగి చెప్తా అనింది." పెద్దాయన గుడ్డతో చేతులు తుడుచుకున్నాడు. "నన్ను చెప్పొద్దని అమ్మ ఒట్టేమీ పెట్టించుకోలా. నేనే చెప్పలా. నీ ఇంటికాడికి వచ్చి గూడా చెప్పలా."

ఇంటికి వచ్చాక కరుణాకర్ లెక్క వేసుకున్నాడు. తొమ్మిది వారాలు. ఆ తొమ్మిది వారాల్లోనూ గురువారం గురువారం ఆమె నంద్యాల పోయేది. శాఖ పని అనుకున్నాడు. ఒక వారం, వస్తూ వస్తూ ఎర్ర పెన్నుల డబ్బా ఒకటి తెమ్మన్నాడు. తెచ్చింది. ఆ డబ్బాలో ఇంకా నాలుగు పెన్నులున్నాయి. వాటితోనే దిద్దుతున్నాడు.

సోమవారం మధ్యాహ్నం నుంచి సెలవు పెట్టి బస్సెక్కాడు. కిటికీ పక్క సీటు. పక్కన ఇద్దరు, కాళ్ల దగ్గర శనగల మూట, ఒళ్లో డబ్బా. శిరివెళ్ల దాటేదాకా కదలడానికి లేకపోయింది. అంకె కొట్టేయొచ్చు. అప్పుడు ఆమె చెప్పడానికి ఎన్నుకున్న ఆ ఒక్క చోటును తన చేత్తోనే మూసేసినట్టు. పేజీలో మూడు ఉలులు అబద్ధమని తెలిసీ వదలడం మాస్టరుగా తప్పు. ఆ మూడూ తీసేస్తే ఆమె నవ్విన చోటు పోతుంది. ఏదీ కదపకుండా వదిలేస్తే, రేపు ఎవరో ఆ మాట చూసి రెండువందల మూడు తిప్పి, ఉలులు చూసి, పాపం లైబ్రరీ ఆమె పొరపాటు పడింది అనుకుంటారు. కాదని వాళ్లకు చెప్పడానికి దారి లేదు. చెప్తే అది చెప్పనిది కాకుండా పోతుంది. ఎటు చూసినా ఆమె అతన్ని ఆ పేజీలో పెట్టి తలుపు దగ్గరికి వేసి వెళ్లినట్టే ఉంది. దాని మీద కోపం తెచ్చుకోవాలని చూశాడు. నంద్యాల వచ్చింది గానీ కోపం సగమే వచ్చింది.

తస్నీమ్ జాబితా తెరిచి సిద్ధంగా ఉంది. 'చెక్కుడు పని'కీ 'చెయ్యి అరిగిపోవడా'నికీ మధ్య చోటు చేసింది.

"చెప్పనివి" అని చదివాడు కరుణాకర్. "ముప్పై ఒకటి, నూట నాలుగు, రెండువందల మూడు."

ఆమె వేళ్లు ఆగాయి. "దొరికిందా సార్?"

"దొరికింది."

ఏం దొరికిందని ఆమె అడగలేదు. అంకెలు కొట్టింది. ఆరువందల నలభై కార్డుల పట్టిక తెర మీద కిందికి జారుతూ పోయింది. ఇక పంపుతానని, ఒకసారి పంపాక అచ్చువాళ్లు దేన్నీ మార్చనివ్వరని చెప్పింది.

"ఉండు" అన్నాడు అతను. జేబులో నుంచి ఎర్ర పెన్ను తీసి, కార్డు మీద ఉషశ్రీ నీలి అంకెలకు ముందు, అంచున మిగిలిన కాస్త చోటులో ఒక అంకె వేసి కార్డును అటు తిప్పాడు. "దీనికి తొమ్మిది కూడా చేర్చు. మొదట్లో."

తస్నీమ్ తొమ్మిదో పేజీ తీసి చూసింది. అతని ముందుమాటలో చివరి పేజీకి ముందుది. అందులో ఉషశ్రీ జబ్బు గురించి ఒకే వాక్యం ఉంది. అనారోగ్యంలోనూ ఆమె పని ఆపలేదని.

"ఇది మీరు రాసింది గదా సార్. ఈడ ఏముంది?"

"ఏం లేదు. చేర్చు."

ఆమె చేర్చింది. పట్టిక వెళ్లిపోయింది. కరుణాకర్ కార్డును డబ్బాలో దాని వరుసలో నిలబెట్టి మూత పెట్టాడు. ఆళ్లగడ్డ బస్సుకు ఇంకా గంట ఉందని, టీ చెప్తానని తస్నీమ్ అంది. వద్దనకుండా అలాగే కూర్చున్నాడు, డబ్బా ఒళ్లో పెట్టుకుని.