కోడలి ఏడుపు బిట్టు

సీరియల్లో అత్తగారు గుమ్మంలోకి రాగానే ఒక మ్యూజిక్ బిట్టు, కోడలు కళ్లు తుడుచుకోగానే ఇంకో బిట్టు. పాత్రకో బిట్టు కట్టిపెట్టుకుని, రోజూ వచ్చే ఎపిసోడుకి అతికించుకుంటూ పోవడమే అతని పని. ఆ పనిలోనే తల నెరిసింది. సినిమాలూ చేశాడు గాని, అవి వచ్చినట్టు థియేటర్ల వాళ్లకే సరిగ్గా తెలియదు. ఇన్నేళ్లకి కోడలి ఏడుపు బిట్టు జనం నోట పడింది. అందులో మాటల్లేవు. ఒక ఆడగొంతు ఎక్కడో పైన అందుకుని, జారి జారి, ఊపిరి తెగినట్టు ఆగిపోతుంది.

"మాస్టారూ, ఇది వేస్తే మా అత్త పాత్ర కూడా ఏడ్చేస్తుందండీ!" అన్నాడు డైరెక్టరు. ఆ స్టూడియోలో అంతకు మించిన పొగడ్త లేదు. ఆ బిట్టు విన్న ఒక పెద్ద నిర్మాత తన సినిమాకి సంగీతం చెయ్యమని పిలిచాడు.

కానీ ఆ బిట్టు అతని బుర్రలో పుట్టింది కాదు. బావ పోయిన పొద్దున అక్క ఏడ్చిన ఏడుపు. ఇంటిల్లిపాదీ అక్క చుట్టూ మూగితే, అతని చెవి మాత్రం ఆ జారుడు దగ్గర ఆగిపోయింది. కాళ్లు వాటంతటవే పెరట్లోకి నడిచాయి. నీళ్లతొట్టి పక్కన నిలబడి, మరిచిపోకముందే ఫోన్‌లోకి కూనిరాగం తీసుకున్నాడు. అప్పటికీ అతని చెంపలు తడిగానే ఉన్నాయి. అది దొంగ ఏడుపేం కాదు.

మొన్న అక్క ఫోన్ చేసింది. "నీ సీరియల్ చూస్తున్నాన్రా. ఆ పిల్ల ఏడ్చినప్పుడల్లా ఎందుకో నాకు గుండె పట్టేస్తోంది. లేచెళ్లిపోతున్నా."

ఆ మాట విన్నప్పటినుంచీ కీబోర్డు మీద చెయ్యి పడలేదు. సినిమాకి ఒప్పుకునేలోపు అక్కకి చెప్పెయ్యాలని బయల్దేరాడు.

వెళ్లేసరికి ముందుగదిలో టీవీ నడుస్తోంది. అక్క పక్కన పక్కింటావిడ.

"మీ తమ్ముడు ఈయనేనా? ఏం బాబూ, ఆ కోడల్ని ఇంకెన్నాళ్లు ఏడిపిస్తారు? మా ఆయన కూడా నన్నింత ఏడిపించలేదు!"

"వాడిదేముందండీ, వాళ్లు ఏడవమంటే వీడు వాయిస్తాడు," అంది అక్క, మురిసిపోతూ.

అంతలో బిట్టు వచ్చింది. పక్కింటావిడ ముక్కు తుడుచుకుంది. "ఎవరో నిజంగా ఏడ్చినట్టే ఉంటుందమ్మా."

అక్క తమ్ముడి మొహం వంక చూసింది. అతను తల దించుకున్నాడు. ఆమె లేచి వంటింట్లోకి వెళ్లిపోతే, వెనకే వెళ్లాడు.

"అక్కా, నీతో ఒక మాట..."

"ఆ రోజు పెరట్లో ఫోన్ పట్టుకుని నిలబడ్డావు," అంది అక్క వెనక్కి తిరక్కుండా. "అందరికీ కబురు చెప్పే పని పాపం వీడొక్కడి మీదే పడిందే అనుకున్నా."

అతని చెయ్యి జేబులోని ఫోన్ మీదికి పోయింది.

"నాదేనా?"

"నీదే."

"నేనలా కొట్టుకుంటుంటే నీకు బాగుందనిపించిందా?"

లేదందామని నోరు తెరిచాడు. రాలేదు.

"అనిపించిందక్కా. ఏడుస్తూనే ఉన్నాను... ఏడుస్తుండగానే అనిపించింది." మళ్లీ తనే, "తీసేయిస్తాను. సినిమా కూడా వద్దంటాను," అన్నాడు.

"తీసేసి ఏం చేస్తావు? పక్కింటావిడ ఫోన్ మోగినా అదే మోగుతోంది." అక్క చాకూ, కూరలు తరిగే పలకా తీసి, ఉల్లిపాయ ముందుకు లాక్కుంది. "ఆ సినిమా చెయ్యి. మీ బావ ఉంటే చెయ్యమనే అనేవాడు."

ఉల్లిపాయ సగం తెగేసరికి ఆమె కళ్ల వెంట నీళ్లు. మోచేత్తో తుడుచుకోబోయి అతని వైపు చూసింది. ముక్కు ఎగబీల్చబోయి ఆపుకుంది.

"నువ్వు ముందుగదిలో కూర్చోరా," అంది. "నీ ముందు ఏడవాలన్నా భయంగా ఉంది."

వచ్చి కూర్చున్నాడు. పక్కింటావిడ ఏదో అడుగుతోంది. వంటింట్లో పలక మీద చాకు చప్పుడు నడిచి, టక్కున ఆగింది. ఆ తర్వాత ఏమీ వినబడలేదు. అతను రెండు చేతులతో చెవులు మూసుకున్నాడు. మూసుకునేలోపే, ఆ చప్పుడు ఎక్కడ తెగిందో చెవి పట్టేసుకుంది.