రష్యాకు వేరే ముగింపు

రష్యాను ఇంకా జారు చక్రవర్తి ఏలుతున్న మూకీ సినిమాల రోజుల్లో, మా స్టూడియోలో ప్రతి విషాద కథకూ రెండు ముగింపులు తీసేవాళ్ళం. మా కోపెన్‌హాగన్ జనం నవ్వుతూ ఇంటికెళ్ళాలి. రష్యా వాళ్ళకేమో కరువుతీరా ఏడవందే టికెట్ డబ్బు గిట్టినట్టుండదు. ఫిల్ము ముక్కలు అతికించే పని నాది కాబట్టి చావులూ పెళ్ళిళ్ళూ నాకు ఒకటే.

ఆ వసంతంలో తీసిన కథలో నావికుడి తల్లి వేషం తోరా గారిది. ఇక్కడివాళ్ళకు కొడుకు తిరిగొస్తాడు, రష్యాకు పోస్టుమాన్ చావు కబురు తెస్తాడు. మొదటిది ఒక్కసారికే కుదిరింది. కిటికీలోంచి కొడుకును చూసి, గుమ్మం పట్టుకుని ఆవిడ ఏడ్చిన ఏడుపుకు కెమెరా తిప్పే అతను కూడా ముక్కు చీదాడు. రెండోదానికి మాత్రం కుర్చీలోంచి లేవలేదు.

"నావల్ల కాదు బాబూ. నా ఈనార్ సముద్రం మీదున్నాడు. వాడు పోయాడని నేనేడవను."

ఈనార్ ఆవిడకు ఒక్కగానొక్క కొడుకు. నాటకాలు మానేసి సినిమాల్లో చేరిందని, "సంతలో కోతివేషాలేసే నువ్వు నాకు అమ్మవే కావు" అనేసి ఓడెక్కాడు. రెండేళ్ళుగా కబురు లేదు.

డైరెక్టర్ హోల్మ్ స్టూడియో గాజు పైకప్పులోంచి మబ్బు చూశాడు. ఎండ వెలుతురులోనే సినిమా తీసే డైరెక్టర్లకు ఎండ తప్ప వేరే దేవుడు లేడు.

"మీరు చేయకపోతే రేపు ఇంకొకరికి వేషం కట్టి మొత్తం మళ్ళీ తీస్తా."

"తీసుకో."

అంత మాట అన్నాడు గానీ ఆయనకూ తల్లి ఉంది. నా బల్ల దగ్గరికొచ్చి తల గోక్కున్నాడు.

"క్రిస్టెన్, గుమ్మం దగ్గరి ఏడుపులో కొడుకు కనిపిస్తాడా?"

"లేదండీ, ఆవిడొక్కతే."

"అయితే పోస్టుమాన్ తర్వాత అదే అతికించు."

అతికించి తెర మీద వేశాం. సంతోషంతో ఏడ్చిన ముఖమే చావు కబురు పక్కన చేరేసరికి గుండె పిండేసింది. తోరా గారు చివరిదాకా చూసి లేచారు.

"మీరేమైనా అనుకోండి. నేనేడ్చింది వాడొచ్చినందుకే."

చలికాలం మొదట్లో గడ్డం మాసిన నావికుడొకడు గేటు దగ్గర టోపీ నలుపుతూ నిలబడ్డాడు. పేరు అడిగి, చెయ్యి పట్టుకుని లోపలికి లాక్కెళ్ళాను. తోరా గారు ముఖానికి రంగేసుకుంటున్నారు.

"రష్యాలో, రీగా రేవులో చూశానమ్మా. చలికి సినిమా హాల్లో దూరితే తెర మీద నువ్వు. నేను చచ్చానంటే అంతలా ఏడుస్తావనుకోలేదు."

ఆవిడ వాడి చెంప మీద ఒక్కటేసి, వెంటనే ఆ చెంపనే రెండు చేతుల్తో పట్టుకుంది.

"చచ్చావని కాదురా సన్నాసీ. వచ్చావని."