నల్ల జిప్పు సంచి

జయమణి చొక్కాలను చుట్టలుగా చుట్టి బ్యాగు అడుగున పేర్చింది. వాటి మీద తువ్వాలు, మాత్రల డబ్బా, చిన్న సీసాలో ఉసిరికాయ పచ్చడి. చివరగా నల్ల జిప్పు సంచి. మత్తుమందు ఎక్కువై ఎవరికైనా ఊపిరి ఆగిపోతే పక్కవాళ్లు పొడవాల్సిన సూది అందులో ఉంటుంది. కెనడాలోని సర్రీలో జయమణి పనిచేసే, మత్తు మాన్పించే ఆ రికవరీ హోమ్ నుంచి బయటికి వెళ్లే ప్రతి బ్యాగులో అది ఉండాలని రూలు.

మంచం అంచున కూర్చున్న కోఫీ మోకాలు ఆగకుండా ఊగుతోంది. ఇరవై మూడేళ్ల నల్లజాతి కుర్రాడు, ఘనా నుంచి వచ్చిన తల్లికి ఒక్కడే. మత్తు మానేసి తొంభై నాలుగు రోజులు. రెండు రోజులు ఇంటికి వెళ్లడానికి అనుమతి దొరికింది. ఆదివారం సాయంత్రం ఆరింటికల్లా వచ్చి సంతకం పెట్టాలి.

"అది తీసెయ్ ఆంటీ," అన్నాడు ఇంగ్లీషులో. "అమ్మ నా బ్యాగ్ చెక్ చేస్తుంది. బస్సులో నా పక్క సీటులో ఎవరూ కూర్చోరు, తెలుసా? అందరికీ నేనంటే భయం. అమ్మ కూడా భయపడితే నా వల్ల కాదు."

"రూల్ బాబూ."

"నీకూ నమ్మకం లేదా?"

జయమణి చేతులు ఆగిపోయాయి. ఇరవై ఏళ్లు నర్సాపురం మిషన్ హాస్టల్లో సెలవులకు వెళ్లే పిల్లల పెట్టెలు సర్దింది. ఇంటికెళ్లే పిల్లల పెట్టెలో మందు పెడితే జబ్బును వెంట పంపినట్టేనని అక్కడి ముసలి ఆయమ్మ సీసాలన్నీ ఏరి పక్కన పెట్టేది. ఆ భయం సముద్రాలు దాటినా పోలేదు. సంచిని ఏప్రన్ జేబులోకి జార్చింది. బ్యాగులో పెట్టాల్సిన వస్తువుల కాగితం మీద మాత్రం కిట్ పెట్టినట్టు టిక్ పెట్టింది.

వ్యాన్ డ్రైవర్ వీర్రాజు గుమ్మంలోంచి తొంగిచూశాడు. "పచ్చడి కూడా పెట్టేశారా జయమణి గారూ? రెండు రోజులూ బాత్రూంలోనే ఉంటాడు పాపం."

"నీ నోట మంచిమాట రాదు గదా."

"ఆదివారం ఖాళీ సీసా తెస్తా ఆంటీ," అన్నాడు కోఫీ. నవ్వాడు గానీ మోకాలు ఆగలేదు.

వ్యాను మలుపు తిరిగేదాకా చూసింది. మర్నాడు పొద్దుటినుంచీ తుడుస్తున్నా, వండుతున్నా సంచి తొడకు తగులుతూనే ఉంది. మధ్యాహ్నం ఇక ఉండబట్టలేక, చెప్పేద్దామని సూపర్‌వైజర్ టీనా గదికి వెళ్లింది. టీనా ఫోనులో ఉంది. ఫోను పెట్టేసి కోఫీ బ్యాగు కాగితం ముందుకు లాక్కుంది.

"బ్యాగులో కిట్ పెట్టారు కదా ఆంటీ? టిక్ మీదే. బాత్రూం తలుపు పగలగొట్టేసరికి కోఫీకి ఊపిరి ఆడట్లేదట, సూది కోసం వాళ్ల అమ్మ బ్యాగంతా కుమ్మరించి వెతికిందట."

జయమణి చెయ్యి జేబులోకి వెళ్లింది. జిప్పుకు వేసిన సీలు ఊడలేదు.

కోఫీ మళ్లీ రాలేదు. అది నవంబరు పద్దెనిమిది, శనివారం.