ఎమ్మెల్యే గారి నోట్లో థర్మామీటరు

ధర్మవరంలో ముప్పై ఏళ్లు వైద్యం చేసి, పోయిన ఎన్నికల్లో ఎమ్మెల్యే అయిన డాక్టర్ ఏసురత్నానికి ఒక పాత అలవాటుంది. రోగి కష్టం చెప్పుకోవడానికి నోరు తెరిస్తే చాలు, థర్మామీటరు పెట్టేస్తాడు. తాను చెప్పేదాకా తీయకూడదు. రోగి గుడ్లు మిటకరిస్తూ కూర్చుంటే, ఈయన మందులు రాసేసి ఇంకొకరిని పిలుస్తాడు. ఎమ్మెల్యే అయ్యాక ఈ అలవాటు మహా కలిసొచ్చింది. ఆదివారమైతే ఏదో ఒక ఊళ్లో ఉచిత వైద్య శిబిరం. కొళాయిలో నీళ్లు రావడం లేదని చెప్పబోయినవాడు బీపీ మాత్రలతో, పింఛను ఆగిందని చెప్పబోయిన ముసలమ్మ బలం టానిక్కుతో ఇల్లు చేరతారు. పాపం, చెడ్డవాడేం కాదు. హస్తవాసి మంచిదే. వినే ఓపికే లేదు.

ఇదంతా సిద్దమ్మకు తెలుసు. ముదిగుబ్బ దారిలో, రోడ్డుకు బాగా లోపలున్న ఊరు ఆమెది. గొర్రెలు కాసుకుంటుంది. ఊరికి వచ్చే ఒకే ఒక్క బస్సు ఉగాది తర్వాత ఆగిపోయింది. ధర్మవరంలో ఇంటరు చదువుతున్న మనవరాలు గంగాదేవిని కొడుకు రామన్న బండి మీద రోడ్డు దాకా దింపుతూ వచ్చాడు. ఇప్పుడతనికి హిందూపురంలో పని కుదిరింది. బస్సు రాకపోతే ఈ సోమవారం నుంచి పిల్ల చదువు మానాల్సిందేనని తేల్చేశాడు. సిద్దమ్మ అప్పటికే రెండు శిబిరాలకు పోయి, రెండుసార్లూ జ్వరం లేదన్న శుభవార్తతో తిరిగొచ్చింది. ఆమెకు ఒళ్లు మండిపోయింది.

మూడో శిబిరం ఆమె ఊళ్లోనే, బడి వరండాలో పెట్టారు. సిద్దమ్మ వంతు రాగానే డాక్టరు థర్మామీటరు తుడిచి చేతిలోకి తీసుకున్నాడు. ఆమె ఆయన ముఖంలోకి జాలిగా చూసింది.

“మొగం పీక్కుపోయిండాది గదప్పా. మమ్మల్నందర్నీ చూస్తాండావు, నిన్ను చూసేదెవరు? ముందు నువ్వు పెట్టుకో.”

ఆడవాళ్లంతా అయ్యో అన్నారు. పార్టీ కుర్రాళ్లు సెల్‌ఫోన్లు పైకెత్తారు. అన్ని ఫోన్ల ముందు ఓటరు ప్రేమను కాదనడం ఏ ఎమ్మెల్యేకు చేతనవుతుంది? ఏసురత్నం నవ్వుతూ థర్మామీటరు నాలుక కింద పెట్టుకున్నాడు.

వెంటనే సిద్దమ్మ జనం వైపు తిరిగింది.

“ఇనండప్పా. రేపట్నుంచి మన బస్సు మళ్లా వస్తాది. సారు మాటిచ్చినాడు.”

చప్పట్లు మోగాయి. ఏసురత్నం కంగారుగా చెయ్యెత్తాడు. అది అభయమనుకుని జనం ఇంకా గట్టిగా కొట్టారు. థర్మామీటరు తీయబోతే, ఇంకా టైం కాలేదు సార్ అంటూ ఆయన దగ్గర మందు తిన్నవాళ్లే అడ్డుపడ్డారు. ముప్పై ఏళ్ల శిక్షణ మరి!

చివరికి తీశాడు. సిద్దమ్మ ఆయన నోటి వైపే చూసింది. ఇప్పుడాయన కాదన్నాడంటే ఊరి ముందు తాను అబద్ధాలకోరు, రేపట్నుంచి పిల్ల గొర్రెల వెంట. డాక్టరు ముందుకు వంగి, ఆమెకు మాత్రమే వినపడేలా, నేనెప్పుడు మాటిచ్చానని పళ్లు కొరికాడు.

“నన్ను అడగనిచ్చింటే ఇచ్చేవాడివే గదప్పా,” అంది సిద్దమ్మ.

ఆయనకు సిగ్గేసింది, నవ్వూ వచ్చింది. ఫోన్ తీసి డిపోకు కలిపాడు. అవతలి ఆఫీసరు చెప్పిన ఇబ్బందులన్నీ మధ్యలో ఆపకుండా విన్నాడు. విన్నాక, పొద్దున్నే బస్సు పంపమన్నాడు.

పంపారు. గంగాదేవి కిటికీలోంచి చెయ్యి ఊపింది. సిద్దమ్మ ఊపలేదు. గొర్రెలు చెదురుతాయని ఊపలేదంది గానీ, నిజానికి ఏడుపొచ్చి ఆమెకు చెయ్యాడలేదు.